కండ్లు పెట్టిన కత్తి

మా కాలేజీ పత్రిక నడిపే అమ్మాయిలు ఉత్తరం రాశారు. ఉద్యోగం చేసి విరమించుకున్న పూర్వ విద్యార్థినులు తమ అనుభవాలను చెల్లెళ్లకు చెప్పాలట. మా కాలేజీలో చదివి ఉద్యోగం చేసినవాళ్లనే వేళ్ల మీద లెక్కపెట్టవచ్చు. అందులో విరమించుకున్నవాళ్లు కావాలంటే నేను తప్ప ఇంకొకరు దొరికి ఉండరు. నాకిప్పుడు ఇరవై ఆరేళ్లు. నా ఉద్యోగం మొత్తం నాలుగు నెలలు. ఆ నాలుగు నెలలూ నేను ఒక సినిమా కంపెనీకి పాతకాలపు ఆయుధాల నిపుణురాలిని. ఇప్పుడే నవ్వకండి. నవ్వవలసిన చోట్లు ముందున్నాయి.

పగలు మా అమ్మాయి నా చేతిలో కలం ఉండనివ్వదు కనుక అది నిద్రపోయాక రాస్తున్నాను. నాలుగు వాక్యాలకొకసారి లేచి దాని నుదురు ముట్టుకుని వస్తున్నాను. జ్వరమేమీ లేదు. వచ్చిందేమోనని. ఎక్కడైనా మాట తెగినట్టు కనబడితే నేను అటు వెళ్లి వచ్చానని అనుకోండి.

అవి యుద్ధం రోజులు. మద్రాసు మీద బాంబులు పడతాయని జనం సామాన్లు కట్టుకుని ఊరు విడుస్తున్నప్పుడు ఒక సినిమా కంపెనీ కూడా తన పెట్టెలు కట్టుకుని మా సిద్దిపేట వైపు వచ్చింది. ఇక్కడి గుట్టలూ, సగం కూలిన ఒక బురుజూ చూసి డైరెక్టరు గారు, "దేవుడు మన కోసమే సెట్టు వేసి పెట్టాడు" అన్నారట. ఆయన తీయబోయేది రాజుల కాలపు కథ. అంతకుముందు తీసిన రాజుల కథలో సేనాపతి నడుముకు తుపాకి తిత్తి వేలాడుతూ కనబడిందట. ఒక పత్రికవాడు దాన్ని పట్టుకుని వారం వారం ఏకిపెట్టాడట. అందుకని ఈసారి చరిత్ర చదివిన మనిషి ఒకరు పక్కన ఉండాలని ఆయన పంతం.

మా ఆయన బడిపంతులు. డైరెక్టరు గారు బల్లలు అరువడగడానికి బడికి వచ్చి, మాటల్లో, "ఈ ఊళ్లో చరిత్ర చదివినవాళ్లు ఎవరైనా ఉన్నారా మాస్టారూ?" అన్నారు. "మా ఇంట్లో ఒకరున్నారు" అన్నారు మా ఆయన. నా ఎంపిక అంతటితో పూర్తయింది.

నేను బి.ఏ.లో చరిత్ర చదివిన మాట నిజమే. ఆయుధాల గురించి మా పాఠ్యపుస్తకంలో అరపేజీ ఉండేది, అది కూడా పరీక్షకు రాదని వదిలేశాను. ఒకసారి మమ్మల్ని మ్యూజియానికి తీసుకువెళ్లారు. అక్కడ కత్తుల అద్దాల పెట్టె ముందు నా స్నేహితురాలి చెప్పు తెగింది. దానికి పిన్నీసు పెట్టేదాకా ఆ పెట్టె ముందే నిలబడ్డాం. నా ఆయుధ పరిశోధనంతా ఆ పిన్నీసు పెట్టినంతసేపే జరిగింది.

ఈ సంగతి డైరెక్టరు గారికి చెప్పబోయాను. ఆయన విననిస్తేనా!

"అమ్మా, మీరు ఊఁ అంటే చాలు. తెర మీద 'ఆయుధ నిపుణులు' అని మీ పేరు వేస్తాను, పక్కన బి.ఏ. అని కూడా వేస్తాను. ఆ పత్రికవాడు ఇక చచ్చినట్టు నోరు మూసుకుంటాడు."

మా అత్తగారు తలుపు చాటు నుంచి విని ఊరుకోలేదు. "పాలు తాగే పిల్లను సంకనేసుకొని కత్తుల కొలువేందే నీకు? ఊరోళ్లు వింటే నవ్విపోతరు" అన్నారు. అప్పటికి మా అమ్మాయికి ఆరో నెల. నాకు కూడా భయంగానే ఉంది. కానీ బి.ఏ. అనే రెండక్షరాలు తెర మీద ఎంత పెద్దగా కనబడతాయో అని ఒక పక్క ఆలోచన. ఊఁ అన్నాను.

మొదటి చిక్కు ఇనుముది. యుద్ధానికి పోగా మిగిలిన ఇనుముతో నాగలికర్రు చేయించుకోవడమే గగనంగా ఉంది. రేకు సంగతి అడగనే వద్దు. కథలో అరవై మంది సైనికులు, అరవై కత్తులు. కర్రతో చెక్కిస్తే తెర మీద కర్రలాగే ఉంటుందని డైరెక్టరు గారి బెంగ. అప్పుడు నా ఉద్యోగ జీవితంలోకెల్లా మంచి ఆలోచన ఒకటి వచ్చింది. అదే చివరిదని అప్పుడు తెలియదు. ఊరి బయట ఒక నకాషీ ముసలాయన ఉండేవాడు. ఊరూరా తిరిగి కథలు చెప్పేవాళ్లకు పటాలు రాసేవాడు, దేవతల బొమ్మలు చేసేవాడు. నేను తాతా అనేదాన్ని, ఆయన నన్ను పంతులమ్మా అనేవాడు. ఆయన దగ్గరికి పోదామన్నాను.

తాత పని చూస్తే మతి పోతుంది. పొనికి కర్ర అని ఒకటి ఉంది, చేతిలో పట్టుకుంటే ఏమీ పట్టుకోనట్టే ఉంటుంది. దాన్ని చెక్కి, చింతగింజల అంబలిలో రంపపు పొట్టు కలిపి పూసి, ఎండబెట్టి, సుద్ద పూసి, మళ్లీ ఎండబెట్టి, నున్నగా రుద్దుతాడు. ఉక్కు మెరుపు ఎట్లా వస్తుందని అడిగితే నన్ను చాయ్ హోటలుకు పంపించాడు. చాయ్‌పత్తా పెట్టెల లోపల తగరపు కాగితం ఉంటుంది. దాన్ని అంటించి గవ్వతో రుద్ది పైన వార్నీషు పూశాడు. ఎండలో పెడితే కళ్లు చెదిరాయి. పక్కన నిలబడిన మేకల కాపరి, "అమ్మో" అని రెండడుగులు వెనక్కి వేశాడు. డైరెక్టరు గారు తాత చేతులు పట్టుకుని కళ్లకద్దుకోబోతే తాత సిగ్గుపడి చేతులు వెనక్కు తీసుకున్నాడు.

ఇక నిపుణురాలు కూడా ఏదో చేయాలి గదా. నేను పిడి బొమ్మ గీసి ఇచ్చాను. పిడి చివర సింహం ముఖం. పిన్నీసు పెడుతున్నప్పుడు అద్దాల పెట్టెలో చూసిన గుర్తు.

తాత కాగితాన్ని అటూ ఇటూ తిప్పాడు. "గిదేంది పంతులమ్మా, పిల్లినా?"

"సింహం, తాతా."

"మూతి జూస్తె పిల్లి లెక్కనే ఉన్నది. సరే తియ్యి, నేను సింహం జేస్త." కాసేపు గొణిగాడు. తర్వాత కాగితం కింద పెట్టి, "గీ ముఖం లేకుంట వట్టి పిడి పెడదామా, అమ్మా?" అన్నాడు.

"ఎందుకు?"

"ముఖం పెడితే కండ్లు పెట్టాలె. కండ్లు పెట్టినంక గది కట్టె గాదు. పానమున్నట్టే లెక్క. గీతలు గియ్యొద్దు, ఇరువొద్దు, పెంటకుప్ప మీద పారెయ్యొద్దు. పాతదైనంక మనిషికి జేసినట్టు జేసి వాగుల సాగనంపాలె. మా పటాలకైనా బొమ్మలకైనా గదే రివాజు. గియ్యి అరువై గావట్టె. సిన్మావోళ్లు గా మర్యాదంత జేస్తరా?"

నేను నవ్వాను. చదువుకున్న నవ్వు అది, మీకు తెలుసు. "చరిత్రలో ముఖం ఉంది తాతా. తప్పదు" అన్నాను.

"చరిత్రల ఉన్నదంటె ఇగ నేనేమంట" అన్నాడాయన.

చరిత్రలో లేదు. రెండేళ్ల తర్వాత ఒక పుస్తకం దొరికి చదివితే తెలిసింది, అటువంటి పిడి మా కథాకాలానికి ఎన్నో వందల ఏళ్ల తర్వాతిదట. ఆ పుస్తకాన్ని అత్తగారి కంట పడకుండా బియ్యం డబ్బా వెనక దాచాను.

కండ్లు పెట్టే రోజు తాత ఒక్కపొద్దు ఉండి, తలస్నానం చేసి, కొబ్బరికాయ కొట్టి, కూర్చున్నాడు. రెండు వెంట్రుకలంత కుంచె. వాకిట్లో ఎవరూ మాట్లాడకూడదు. పొద్దు గుంకేలోగా అరవై సింహాలకూ కండ్లు వచ్చాయి. చివరి కత్తి కింద పెట్టి, "ఇగ గియ్యి నావి గావు" అన్నాడు. ఆ ముఖాలన్నీ నన్నే చూస్తున్నట్టు అనిపించి పిల్ల తలను కొంగుతో కప్పుకున్నాను.

డైరెక్టరు గారు ఒక సర్టిఫికెట్టు కావాలన్నారు, పత్రికవాడి మొహాన కొట్టడానికి. ఇంగ్లీషులో ఒకటి రాసి ఇచ్చాను. చదివి, "చప్పగా ఉందమ్మా, ఇంకాస్త గట్టిగా" అన్నారు. రెండోది రాశాను. "ఇంకాస్త." మూడోసారికి నాకు కూడా రుచి తెలిసింది. దాని సారం ఇది: ఈ అరవై ఖడ్గములు నా పర్యవేక్షణలో ఈ నకాషీ చేతి మీదుగా తయారైనవి, బరువు ఒక్కటి తక్కువన్న మాట తప్పిస్తే వీటికిని యుద్ధములో వాడు నిజమైన ఖడ్గములకును ఏ విధమైన భేదమును లేదని ఆయుధ చరిత్ర చదివినదానిగా ధ్రువీకరించుచున్నాను. కింద నా సంతకం, బి.ఏ.

తాతకు కూడా ఒక నకలు ఇచ్చాను. చదువు రాదు గాని, ఆయన పేరు మీద ఎవరైనా ఒక కాగితం రాయడం అదే మొదటిసారి. మడత నలగకుండా రంగుల పెట్టెలో దాచుకున్నాడు.

యుద్ధం సీను షూటింగుకు ఇంకా అయిదు రోజులున్నాయనగా వార్నీషు చివరి పూత ఆరబెట్టాలి. ఆ రోజు నేను తాత వాకిట్లో ఉండవలసింది. లేను. పొద్దున పిల్ల రెండుసార్లు తుమ్మింది. రెండోసారి తుమ్మిన వెంటనే ఒళ్లు విరిచినట్టు అనిపించి దవాఖానకు పరుగెత్తాను. డాక్టరు చూసి, "తుమ్మిందా? మంచిదే" అని పంపించేశాడు. నేను తిరిగి వచ్చేసరికి మా గడప దగ్గర తాత భార్య కూర్చుని ఉంది. మేమందరం అవ్వా అంటాం.

"పంతులమ్మా, ముసలోన్ని పట్కపోయిన్రు" అంది. "నువ్విచ్చిన కాయిదంతోనే పట్కపోయిన్రు."

జరిగింది ఇదీ. తాత వాకిట్లో దండెం కట్టి అరవై కత్తులూ వేలాడదీశాడు. ఎండలో అవి ధగధగలాడుతుంటే, తోవన పోతున్న ఠాణా జమేదారు చూశాడు. ఊళ్లల్లో అప్పటికే తిరుగుబాటు గుసగుసలు. సర్కారు వాళ్లు గొడ్డలి భుజాన వేసుకున్నవాణ్ని కూడా ఆపి అడిగే కాలం. జమేదారు జవాన్లను పిలుచుకుని వచ్చి, "ఎవరి కత్తులు? ఇజాజత్ కాయిదం ఉందా?" అన్నాడు. తాత దర్జాగా రంగుల పెట్టె తెరిచి నా సర్టిఫికెట్టు తీసి ఇచ్చాడు.

నేను ఠాణాకు పరుగెత్తేసరికి అక్కడి పెద్ద, అమీను, దానిని అప్పటికే ఉర్దూలోకి తర్జుమా చేయించి పెట్టుకున్నాడు. తర్జుమాలో తప్పేమీ లేదు. తప్పంతా నా మూలంలోనే ఉంది. కత్తులన్నీ గోనె సంచుల్లో కట్టి, లక్క ముద్రలు వేసి, గది మూలన పెట్టారు. తాత వరండాలో నీళ్ల గోలెం పక్కన అరుగు మీద మోకాళ్లు ముడుచుకుని కూర్చున్నాడు. నన్ను చూసి లేవబోతే జవాను కూర్చోమన్నాడు.

"అమీన్ సాబ్, అవి ఉత్త కట్టెవి" అన్నాను. "ఒకటి చేతిలోకి తీసుకుని చూడండి, ఈకలాగా తేలిగ్గా ఉంటుంది."

"చూసిన్నమ్మా. తేలికగనే ఉన్నయి" అన్నాడు. "గాలిల ఎగిరే ఇమానాలు గూడ తేలిక లోహంతోనే జేస్తుండ్రట గద ఇప్పుడు? లడాయిల కొత్త కొత్త లోహాలు వస్తున్నయి. నువ్వే రాసినవ్, బరువు తప్ప అంత అసలుదే అని. నువ్వు సదువుకున్నదానివి, నీ మాట నేనెట్ల కాదంట?"

"సంచి విప్పి ఒకదాన్ని గీకి చూడండి."

"మొహర్ వడ్డది. తహసీల్దార్ సాబ్ దౌరా మీద ఉన్నరు, ఎల్లుండి వస్తరు. అప్పటిదాక మొహర్ దియ్యనీకి నాకు హుకుం లేదు. దీన్ని జిల్లాకు పంపుమంటే అదే రోజు బస్సుకు పంపుత."

"దీన్ని" అంటే తాతను.

"మరి కాగితం రాసింది నేను గదా," అన్నాను, నా గొంతు నాకే వినబడనంత చిన్నగా. "నన్నెందుకు పట్టుకోలేదు?"

అమీను నా వైపు జాలిగా చూశాడు. "రాసినోళ్లకు శిక్ష ఎక్కడుంటదమ్మా? జేసినోళ్లకే. పిల్లతల్లివి, ఇంటికి పో."

చెల్లెళ్లూ, నాలుగేళ్ల కాలేజీలో నాకు ఇంత ముక్కుసూటిగా రాజనీతి చెప్పినవాళ్లు లేరు.

డైరెక్టరు గారి దగ్గరికి పరుగెత్తాను. ఆయన బురుజు ముందు నిలబడి, హీరోకు మేకప్పు వేయిస్తున్నారు. విషయం విని తల పట్టుకున్నారు. నాకు ధైర్యం వచ్చింది, మనిషికి మనసుంది అనుకున్నాను.

"అరవైకి అరవై పట్టుకెళ్లారా? ఒక్కటి కూడా వదల్లేదా?"

"తాతను కూడా పట్టుకెళ్లారు."

"అదే, అదే. ముసలాయన సంగతి తర్వాత నిదానంగా చూద్దామమ్మా. ముందు కత్తులు విడిపించండి. ఈ ఎండ ఇట్లా ఇంకెన్నాళ్లుంటుంది? మబ్బు పట్టిందంటే నా యుద్ధం పోయినట్టే."

హీరో అద్దంలోంచే, "నాకు మాత్రం కాస్త వంపు తిరిగిన కత్తి చూడండి. తిన్నగా ఉంటే నా ముక్కు పెద్దదిగా కనబడుతుంది" అన్నాడు.

ఆ రెండు రోజులు నేను తిన్నదీ లేదు, పిల్లకు సరిగ్గా పాలు పడిందీ లేదు. జిల్లా జైలుకు పోయినవాడు ఎప్పుడు తిరిగొస్తాడో చెప్పేవాళ్లు లేరు. విచారణే ఏడాది పడుతుందని బడిలో ఎవరో అన్నారట. తాతకు ఏడాది అంటే ఎంతో చెప్పలేం. అవ్వకు పిల్లల్లేరు. మా ఆయన అర్జీ రాసి ఇచ్చారు. అమీను దాన్ని తీసుకుని నా సర్టిఫికెట్టు పక్కన గుచ్చాడు. కాగితానికి కాగితం తోడు దొరికింది. అత్తగారు మాత్రం నన్ను ఒక్క మాట అనలేదు. ఆవిడ అనకపోవడం అంతకుముందు ఎరగను, అందుకే మరీ భయం వేసింది.

తహసీల్దారు గారు చెప్పిన రోజే వచ్చారు. దుమ్ము కొట్టుకుపోయి, ఆకలి మీద, విసుగు మీద ఉన్నారు. జిల్లాకు పోయే, బొగ్గుతో నడిచే బస్సు అప్పటికే ఠాణా ముందు నిలబడి పొగ వదులుతోంది. తాత చేతికి తాడు కట్టి పట్టుకుని జవాను తయారుగా ఉన్నాడు. నేను పిల్లను ఎత్తుకుని, అవ్వ నా వెనక, లోపలికి వెళ్లాం.

ముద్ర విప్పి ఒక కత్తిని బల్ల మీద పెట్టారు. తహసీల్దారు గారు పట్టుకోలేదు. చేతికర్రతో తట్టి చూశారు. చింతగింజల పూత ఎండితే రాయి. టక్కుమంది. సింహం ఆయన వైపే చూస్తోంది.

"ఈ కాగితం మీరు రాసిందేనా?"

"నేనేనండి."

"ఇది నిజమైతే అతను జైలుకు పోతాడు. అతను నిర్దోషి అయితే ఇది అబద్ధం. ఏది?"

"అబద్ధమండి."

"రాసి ఇవ్వండి."

రాశాను. నాకు ఆయుధముల గురించి ఏమియు తెలియదు. కత్తిపీట తప్ప మరే కత్తియు నేను పట్టి ఎరుగను. మొదటి పత్రములోని ప్రతి మాట గొప్పకై రాసినది. సంతకం. బి.ఏ. అని రాయబోయి ఆగాను. తర్వాత రాశాను. చెప్పుకోవడానికి సిగ్గే గాని, రాశాను.

ఆయన రెండు కాగితాలూ పక్క పక్కన పెట్టుకున్నారు. "సంతకం ఒక్కటే, మాటలు రెండు. నేను దేన్ని నమ్మాలమ్మా? మీరు ఇంకొకటి రాసి ఇస్తే మూడు మాటలవుతాయి." గడియారం చూసుకున్నారు. "బస్సు ఎక్కించండి."

జవాను తాడు లాగాడు. నేను పిల్లను అవ్వ చేతుల్లో పడేసి బల్ల మీది కత్తి అందుకున్నాను.

"ఒద్దు పంతులమ్మా!" అని వరండాలోంచి తాత కేక వేశాడు. "ఇరువకు! కండ్లున్నయి దానికి! నేను జైలుకు పోత, ఏం గాదు, ఇరువకు!"

"నువ్వు పోతె నాకెవలు దిక్కు? నీ కత్తా?" అని అవ్వ గయ్యిమంది. "ఇరువు బిడ్డా, తొందరగ ఇరువు!"

మోకాలికేసి కొట్టాను. విరగలేదు, మోకాలు చిట్లింది. తాత పనితనం అది. అమీను, "చూసిన్రా సాబ్, ఉక్కే" అన్నాడు. రెండోసారి గడపకూ మెట్టుకూ మధ్య పెట్టి, చీర కుచ్చెళ్లు పైకి పట్టుకుని, కాలితో ఒక్క తొక్కు తొక్కాను. పెళ్లుమని విరిగింది. పొట్టు రాలింది. లోపలి నుంచి తెల్లటి పొనికి కర్ర, పులిసిన చింతగింజ వాసన. చిరిగిన తగరపు కాగితం వెనక్కి తిరగబడి, దాని మీద చాయ్‌పత్తా కంపెనీ ముద్ర కనబడింది.

తహసీల్దారు గారు వంగి దాన్ని చదివారు. "చాయ్‌పత్తా?" అన్నారు. అమీను వైపు చూశారు. అమీను గోడ వైపు చూశాడు. ఠాణాలో మొదట ఎవరు నవ్వారో తెలియదు, చివరికి తాడు పట్టుకున్న జవాను కూడా నవ్వాడు. నవ్వనిది తాత ఒక్కడే. మా అమ్మాయి గుక్కపెట్టి ఏడుస్తోంది.

తాడు విప్పారు. తాత బయటికి పోలేదు. గడప దగ్గర కూర్చుని, కండువా పరిచి, ముక్కలన్నీ ఏరి, పొట్టుతో సహా ఎత్తి మూట కట్టుకున్నాడు. నేను పక్కన కూర్చుని ఏరబోతే నా చేయి తీసి పక్కన పెట్టాడు.

"కాయిదం మీద అబద్దం రాసినవ్, నన్ను లోపలేసిన్రు. నిజం జేసి సూపెట్టినవ్, దీని పానం వోయింది" అన్నాడు. కోపంగా అనలేదు. ఎవరికో మందు చెబుతున్నట్టు అన్నాడు. "నీ సదువుతోని జెర పైలం, బిడ్డా."

డైరెక్టరు గారు మిగిలిన యాభై తొమ్మిది కత్తులు తీసుకుని, ఒక సైనికుణ్ని ముందే చచ్చిపోయినట్టు పడుకోబెట్టి, యుద్ధం ముగించారు. తెర మీద నా పేరు వేయలేదు. నాకేమీ తెలియదని నేనే సర్కారుకు రాసి ఇచ్చిన కాగితం ఏనాడైనా పత్రికవాడి చేతికి చిక్కుతుందని ఆయన భయం. నిపుణురాలు లేకుండానే చిత్రం ఆడింది. ఆ పత్రికవాడు ఈసారి కత్తుల జోలికి పోలేదట, హీరో ముక్కు గురించి రాశాడట.

నా ఉద్యోగం అక్కడితో అయిపోయింది గాని ఒక పని మిగిలింది. కత్తి విరిగిన రెండో రోజు పొద్దున తాత మా గడప ముందుకు వచ్చి నిలబడ్డాడు. "రేపు మూడొద్దులు. వాగుకు రావాలె నువ్వు. ఇరిసినోళ్లే సాగనంపాలె" అన్నాడు. మా ఆయన ఇబ్బందిగా దగ్గారు. అత్తగారు ఏదో అనబోతారని నేను చూస్తున్నాను. "కత్తికి మైలేందిరా, నీ మొకం!" అని తాత మీద అరిచి, లోపలికి వెళ్లి, మరుసటి రోజు నా తలస్నానానికి నీళ్లు కాయడానికి కట్టెలు సర్దారు. పసిపిల్ల ఉన్న ఇల్లు, ఏ కన్ను ఎటువంటిదోనని ఆవిడ లెక్క. నా లెక్క కూడా అదే, బి.ఏ. అయినంత మాత్రాన భయం పోతుందా.

వానలు తగ్గి నెలే అయింది, వాగులో ఇంకా నడుము లోతు నీళ్లున్నాయి. తాత పసుపు, కుంకుమ, పిడికెడు బియ్యం తెచ్చాడు. మూట విప్పి, సింహం ముఖానికి నా చేత బొట్టు పెట్టించాడు. తర్వాత వాగు వైపు తిరిగి, "దీనికి నువ్వేమైతవని జెప్పాలె?" అని నన్ను అడిగాడు. సాగనంపేవాళ్లు ఏమవుతారో నీళ్లకు చెప్పాలట.

నిపుణురాలిని అందామంటే నోరు రాలేదు.

"సంతకం పెట్టినదాన్ని, తాతా."

ఆయన తల ఊపి ఆ మాటే నీళ్లకు చెప్పాడు. మూట వదిలాను.

ముక్కలు మునగలేదు. పిడి ముక్కా, కొన ముక్కా, చిన్న చిన్న పెళ్లలూ అన్నీ పైకి తేలి, పూల లాగా ఊగుతూ కొట్టుకుపోతున్నాయి. నేను చూస్తూ నిలబడ్డాను. అప్పుడు తట్టింది. విమానపు లోహమైనా, ఉక్కయినా, ఇత్తడైనా నీళ్లలో వేస్తే మునుగుతుంది. ఠాణా వరండాలో నిండా నీళ్లున్న గోలెం ఉంది. నేను రెండు రోజులూ దాని పక్కనే నిలబడి ఏడ్చాను. కత్తిని దాంట్లో వేసి ఉంటే చాలు. ఒక్క గీత పడకుండా, ఒక్క పెళ్ల ఊడకుండా, తాత బయటికి వచ్చేవాడు, కత్తి సంచిలోకి పోయేది.

"తాతా, ఇది తేలుతుందని నీకు తెలుసా?"

"తెల్వకేంది? పొనికి కర్ర గద."

"మరి ఠాణాలో ఎందుకు చెప్పలేదు?"

తాత చీలమండల దాకా నీళ్లలోకి దిగి, రాయికి తట్టుకుని ఆగిన సింహం ముఖాన్ని కాలితో కాదు, చేత్తో, మెల్లగా అవతలికి జరిపాడు.

"కాయిదం ఉన్నదా అని అడిగిన్రు, ఇచ్చిన" అన్నాడు. "కత్తి ఏందిదని నన్నెవలు అడిగిన్రు, బిడ్డా?"